పుల్లగూర – ఖట్టీ భాజీ

ఒక ప్రాంతపు చరిత్రను తెలుసుకొనుటకు పండితులు కోటలను, శాసనాలను, నాణేలను పరిశీలిస్తారు. అందులో దోషమేమీ లేదు. కాని ఆ ప్రాంతంలోని ప్రజలు ఎంతకాలం కలిసి జీవించినారో, ఎంత సన్నిహితంగా జీవించినారో తెలియవలెనంటే వంటింటి గడప కూడ దాటి చూడవలసి ఉంటుంది. శాసనం రాజుల మాట చెబుతుంది. పొయ్యి మీది కుండ సామాన్యుల మాట చెబుతుంది. ఉర్దూ, తెలుగు భాషలు ఒకే అట్టల నడుమ చోటు చేసుకొన్న ఈ వార్షిక సంచికలో, ఆ రెండు భాషలకూ సమానంగా చెందిన ఒక వంటకాన్ని గూర్చి నాలుగు మాటలు వ్రాయవలెనని నా కోరిక. అది బిర్యానీ కాదు, హలీమూ కాదు. టమాటా పులుపులో ఉడికిన ఆకుకూర. రాయలసీమలోని తెలుగువారు దానిని పుల్లగూర అంటారు. మా ఇండ్లలో దాని పేరు ఖట్టీ భాజీ.

ఇంత చిన్న విషయమా అని విద్యార్థి మిత్రులు నవ్వుకొనవచ్చును. తెలుగు అధ్యాపకునికి ప్రబంధాలు కరవైనవా అని పాలకవర్గంలోని పెద్దలు ఆశ్చర్యపడవచ్చును. అయితే ఈ ఆకుకూర గిన్నె వెనుక మన ఆడపడుచుల ఆరోగ్యమున్నది. కనుక కొంచెము ఓపికతో చదువవలసినదిగా అందరినీ కోరుతున్నాను.

మాది కర్నూలు జిల్లాలో ఒక పల్లె. నా చిన్నతనంలో ఆకుకూరల గంప నెత్తిన పెట్టుకొని ఒక అవ్వ ప్రతి ఉదయము వచ్చేది. పెద్దవీథిలో ఉన్నంతసేపూ ‘తోటకూర, చుక్కకూర, మెంతికూర, గోంగూర’ అని కేక వేసేది. మసీదు సందులోకి మలుపు తిరగగానే అవే కట్టలు ‘చౌలాయీ, చుక్కా, మేథీ, అంబాడా’ అయ్యేవి. గంగవాయిలికూర మా సందులో కుల్ఫా, సోయికూర మా సందులో సోయా. పాలకూరకు మాత్రము రెండు వీథులలోను ఇంచుమించు ఒకటే పేరు. ఆమె ఏ బడిలోను చదువలేదు. అయినా ఆకుకూరల విషయంలో ఆమెకు తెలిసినన్ని జంట పదాలు నాకు తెలిసిన నిఘంటువులలో లేవు.

ఈ రాకపోకలు ఏకపక్షమైనవి కావు. హైదరాబాదులోని ఉర్దూ ఇండ్లలో కరివేపాకును కరియాపాక్ అంటారు. అది తెలుగు మాటకు కలిగిన రూపాంతరమే. కొత్తిమీరను దక్కనీలో కోత్‌మీర్ అంటారు. ఉత్తర హిందూస్థానంలోని ఉర్దూవారికి ఈ రెండు మాటలూ వింతగా తోస్తాయి. అట్లే తెలుగు ఇండ్లలో పాత్రలకు పూయించే కళాయి అరబ్బీ మూలము గల మాట. తిరగవాత అన్నా బఘార్ అన్నా కాగిన నూనెలో చిటపటలాడేది అదే జీలకర్ర, అవే ఎండుమిరపకాయలు.

ఈ వంటకంలో ఆకులు పాతకాపులు. టమాటా మాత్రము తరువాత వచ్చిన చుట్టము. దాని పుట్టిల్లు దక్షిణ అమెరికాలోని ఆండీస్ పర్వత ప్రాంతము. దానిని పంటగా పెంచినవారు మెక్సికో ప్రజలు. అక్కడి నహువాత్ల్ భాషలోని ‘తొమాత్ల్’ అనే పదము స్పానిష్ భాషలో ‘తొమాతే’ అయి, ఇంగ్లీషు మీదుగా మనకు ‘టమాటా’ అయినది. పోర్చుగీసువారి ఓడలు మన తీరానికి రాకమునుపు టమాటా గాని, మిరపకాయ గాని ఈ దేశానికి తెలియవు. వచ్చిన కొత్త కాయకు తెలుగువారు తమ పేర్లు తాము పెట్టుకొన్నారు. కోస్తాలో కొన్నిచోట్ల రామములగ అంటారు. తమిళదేశానికి చేరువనున్న చిత్తూరు ప్రాంతంలో తక్కాళి అంటారు.

అంతకుముందు మన కూరలకు పులుపు చింతపండు, చుక్కకూర, గోంగూర, మామిడికాయ ఇచ్చేవి. ఆ చింతపండును చూచి అరబ్బులు ‘తమ్ర్ హిందీ’, అనగా హిందూదేశపు ఖర్జూరము అన్నారు. ఇంగ్లీషులో దాని పేరైన ‘టామరిండ్’ ఆ మాటనుండియే పుట్టినది. 2023 జులై నెలలో టమాటా ధర కిలోకు 100 రూపాయలు దాటినప్పుడు మా ఇంట పుల్లని కూర ఆగిపోలేదు. కొత్త చుట్టము మొగము చాటు చేయగా పాత చుట్టాలైన చుక్కకూర, చింతపండు ఆ లోటు తీర్చినవి.

ఇక వండే విధానము. మా పొరుగింటి రెడ్డిగారి ఇల్లాలు పుల్లగూర చేయు పద్ధతి ఒకటి, మా అమ్మ ఖట్టీ భాజీ చేయు పద్ధతి మరొకటి. ఆమె ఆకులను, పచ్చిమిరపకాయలను, ఎర్రగడ్డలను కుండలో కొద్ది నీళ్లతో ఉడికించి, అవి మెత్తబడిన తరువాత టమాటాలు, కొంచెము చింతపండు వేసి మరికొంత సేపు ఉంచి, ఉప్పు చేర్చి పప్పుగుత్తితో బాగా ఎనుపుతుంది. చివరకు వెల్లుల్లి తిరగవాత వేస్తుంది. వేడి జొన్నరొట్టెలోకి దానిని మించినది లేదు.

మా అమ్మ ఎనపదు. నలుగురు తినుటకు ఆమె తీసుకొనేది తోటకూర 3 కట్టలు, చుక్కకూర 1 కట్ట, బాగా పండిన నాటు టమాటాలు అర కిలో, ఎర్రగడ్డలు 2, పచ్చిమిరపకాయలు 6, వెల్లుల్లి 8 రెబ్బలు, చిటికెడు పసుపు, 3 చెంచాల వేరుసెనగ నూనె. ముందుగా ఆకును ఏరి, వెడల్పాటి పళ్లెంలో మూడు నాలుగు నీళ్లు మార్చి కడుగుతుంది. కడిగిన పిమ్మటనే తరుగుతుంది గాని తరిగి కడుగదు. అట్లు కడిగినచో సారము నీళ్లలో పోతుంది. ఒక గిన్నెలో ఆకును దాని తడితోనే ఐదారు నిమిషాలు మగ్గిస్తుంది. వేరొక గిన్నెలో నూనె కాచి జీలకర్ర, ఎండుమిర్చి, నలిపిన వెల్లుల్లి, కరివేపాకు వేసి, ఎర్రగడ్డలు ఎర్రగా వేగిన తరువాత మిరపకాయలు, పసుపు, టమాటాలు వేస్తుంది. టమాటాలు కరగి నూనె అంచులకు తేలినప్పుడు మగ్గిన ఆకును, ఆకునుండి ఊరిన నీటిని, ఉప్పును అందులో కలుపుతుంది. నాలుగు నిమిషాలలో దించివేస్తుంది.

ఈ రెండు పద్ధతులలోను ఒక విషయము సమానముగా కన్పట్టుతుంది. ఆకు మెత్తబడిన తరువాతనే పులుపు చేరుతున్నది. ఇది యాదృచ్ఛికము కాదు. ఆకులోని కణముల గోడలను పట్టి ఉంచే పదార్థము పులుపులో త్వరగా కరగదు. పులుపు ముందే పడినచో ఆకు ఎంత ఉడికినా నారగా మిగులుతుంది. చింతపండు రసములో కందిపప్పు ఉడుకకపోవుటకు కూడ కారణమిదే. మరొక విశేషము రంగు. ఆకుకు పచ్చదనమిచ్చే పత్రహరితములో మెగ్నీషియము ఉంటుంది. ఆమ్లము తగిలి, వేడి సోకినప్పుడు ఆ మెగ్నీషియము స్థానాన్ని హైడ్రోజన్ ఆక్రమిస్తుంది. అందుచేత పచ్చని ఆకు గోధుమ వన్నెకు దిగుతుంది. పులుపులో ఎక్కువ సేపు ఉంచకపోతే రంగు చాలవరకు నిలుస్తుంది. రసాయనశాస్త్రము చదువని మా అమ్మకు, మా పొరుగింటి ఇల్లాలికి ఈ క్రమము చేతి వాడుకలోనే తెలుసును.

పాత్ర విషయంలో కూడ జాగ్రత్త ఉండేది. కళాయి పోయిన రాగి, ఇత్తడి పాత్రలలో పులుపు వండితే లోహము కూరలోకి దిగి విషమవుతుంది. అందుకే ఏడాదికొకమారు కళాయి వేసేవాడు వీథిలో కొలిమితిత్తి పెట్టుకొని కూర్చున్నప్పుడు హిందువుల పాత్రలు, ముస్లిముల పాత్రలు ఒకే వరుసలో ఉండేవి. స్టీలు గిన్నెలు వచ్చిన తరువాత ఆ భయము తొలగినది.

ఇంత సుగుణవంతమైన వంటకానికి రెండు వైపులనుండి అగౌరవము కలుగుతున్నది. మా ఇండ్లలో అతిథి వచ్చినాడంటే మాంసము వండవలసినదే. వండలేకపోయిన నాడు గృహిణి ముఖము చిన్నబోతుంది. ఖట్టీ భాజీ పొయ్యిమీద ఉన్నదని తెలియకుండా మూత పెట్టి, పిల్లవానిని కోడిగ్రుడ్లకు పంపిన ఇండ్లను నేనెరుగుదును. భాజీ అంటే చేతిలో పైకము లేదని చెప్పుకొనుటయే అని ఒక భావన. రెండవ వైపు సంగతి నేను ఎం.ఏ. చదివే కాలములో వసతిగృహములో విన్నాను. సెలవులకు పోయి వస్తూ అమ్మ కట్టియిచ్చిన రొట్టె, ఖట్టీ భాజీ తెచ్చినప్పుడు ఒక సహాధ్యాయి ఆశ్చర్యముతో, “ఏమప్పా, మీ ఇండ్లలో ఆకుకూరలు కూడ వండుతారా?” అని అడిగినాడు. అతని మనస్సులో చెడు ఏమాత్రము లేదు. మా ఇండ్లలో మాంసము తప్ప మరేదీ ఉండదని అతడు విని ఉన్నాడు, అంతే. రొట్టె తుంచి ఇచ్చినాను. తిని, “ఇది మా పుల్లగూరే కదా!” అన్నాడు. తరువాత రెండేండ్లూ నా డబ్బాలో సగము అతనిదే.

అగౌరవము మాటలతో ఆగితే చింత లేదు. అది పళ్లెములోకి వస్తుంది. అది వచ్చినప్పుడు నష్టపడేది ఎవరు? వంట చేసిన స్త్రీలు. మన ఇండ్లలో, అది ఏ మతమువారి ఇల్లైనా కానిండు, ముందు పురుషులు తింటారు, తరువాత పిల్లలు తింటారు, చివర వండినవారు తింటారు. మాంసము వండిన నాడు ముక్కలు ముందు పంక్తిలోనే ముగుస్తాయి. చివరి పంక్తికి మిగిలేది షోర్వా, అన్నము. ఇంట భాజీ వండే అలవాటు తప్పిపోయినచో ఆ చివరి పళ్లెములో పచ్చని ఆకు కూడ ఉండదు.

మా ఆపా మొదటి కాన్పుకు పుట్టింటికి వచ్చినప్పుడు మెట్లెక్కితే ఆయాసపడేది. గోళ్లు, కనురెప్పల లోపలి భాగము తెల్లబడినవి. పరీక్ష చేయగా రక్తములో హిమోగ్లోబిన్ 7 గ్రాములని తేలినది. గర్భవతికి 11 గ్రాములైనా ఉండవలెను. వైద్యురాలు మందులు వ్రాసి, మా అమ్మవైపు తిరిగి, “మీ అమ్మాయి అత్తవారింట ఎవరి తరువాత తింటుంది?” అని ఒకే ప్రశ్న వేసినది. అమ్మ తలవంచుకొని, “అందరి తరువాత, డాక్టరమ్మా” అన్నది. ఆ నాలుగు నెలలు మా ఇంట క్రమము మారినది. ఆపా పళ్లెము మొదట వడ్డించిన తరువాతనే అబ్బాజాన్ కూర్చొనేవారు. మాత్రలు, మాంసము, గ్రుడ్డు, భాజీ, అన్నీ వేళకు అందినవి. కాన్పు క్షేమముగా జరిగినది. ఇది మాత్రల వలననా, భాజీ వలననా అని నేను వాదింపను. పంక్తి క్రమము మారినందువలన అన్నీ ఆమెకు అందినవని మాత్రము చెప్పగలను.

ఈ సందర్భములో మనవారందరు తెలుసుకొనదగిన ఒక చరిత్ర ఉన్నది. 1928లో లూసీ విల్స్ అనే ఇంగ్లీషు వైద్యురాలు బొంబాయికి వచ్చినది. అక్కడి జౌళి మిల్లులలో పనిచేసే గర్భవతులకు సోకే తీవ్రమైన పాండురోగానికి కారణము కనుగొనుట ఆమె ఉద్దేశము. సూక్ష్మజీవులను అనుమానించి పరీక్షించి, అవి కారణము కావని తేల్చుకొని, ఆమె ఆ స్త్రీల ఆహారమును విచారించినది. వివిధ వర్గముల స్త్రీలలో మిక్కిలి లోపముగల ఆహారము తినేవారు పేద ముస్లిం స్త్రీలని, ఆ వ్యాధి ఎక్కువగా సోకేది కూడ వారికేనని ఆమె గమనించినది. మార్మైట్ అనే ఈస్టు సారముతో ఆ రోగము నయమగునని 1931లో ప్రకటించినది. ఆ సారములోని గుణకారి ఏమిటో అప్పటికి తెలియదు.

అది తెలియుటకు మరి పదేండ్లు పట్టినది. 1941లో అమెరికాలోని టెక్సాస్ విశ్వవిద్యాలయ శాస్త్రజ్ఞులు టన్నుల కొలది పాలకూరనుండి ఒక పదార్థమును వేరుచేసి, లాటిన్ భాషలో ఆకు అనే అర్థముగల ‘ఫోలియం’ నుండి దానికి ఫోలిక్ ఆమ్లమని నామకరణము చేసినారు. దానిని ప్రయోగశాలలో కృత్రిమముగా తయారుచేసిన ఘనత లెడర్లే సంస్థలో పరిశోధనలకు నాయకత్వము వహించిన యల్లాప్రగడ సుబ్బారావుగారి బృందానిది. 1895లో భీమవరములో జన్మించిన తెలుగుబిడ్డ ఆయన. ఆ విజయము 1945లో లోకానికి వెల్లడి అయినది. బొంబాయిలోని పేద ముస్లిం స్త్రీల రోగములో మొదలైన అన్వేషణ, ఆకుకూరలో పేరు పొంది, ఒక తెలుగువాని ప్రయోగశాలలో ఫలించినది. నేడు మన ఆరోగ్య కేంద్రాలలో గర్భవతులకు ఉచితముగా ఇచ్చే మాత్రలో ఇనుముతోపాటు ఉన్నది ఆ ఫోలిక్ ఆమ్లమే.

అయినా మన లోటు తీరలేదు. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారము, దేశములో 15 నుండి 49 ఏండ్ల వయస్సుగల స్త్రీలలో నూటికి 57 మంది రక్తహీనులు. ఆంధ్రప్రదేశములో ఆ సంఖ్య 58.8, తెలంగాణములో 57.6. అనగా మన తరగతి గదిలో బల్లలమీద కూర్చున్న విద్యార్థినులలో సగముకంటె ఎక్కువమందికి ఈ లోపము ఉండవచ్చును. మధ్యాహ్నము మూడు గంటలకు కళ్లు మూసుకొనిపోయే అమ్మాయిని సోమరి అని మందలించేముందు అధ్యాపకులమైన మేము ఈ అంకెలను జ్ఞాపకముంచుకొనుట మంచిది.

ఇక్కడ అతిశయోక్తి కూడదు. ఆకుకూర సర్వరోగనివారిణి కాదు. ఆకులోని ఇనుము మాంసములోని ఇనుమువలె సులభముగా ఒంటికి పట్టదు. పాలకూర, తోటకూర, చుక్కకూరలలోని ఆక్సాలిక్ ఆమ్లము ఖనిజములను కొంతవరకు పట్టి ఉంచుతుంది. అయితే టమాటా, నిమ్మరసములలోని సి విటమిన్ ఆకులోని ఇనుము ఒంటికి పట్టుటకు తోడ్పడుతుంది. ఈ విటమిన్ అధికమైన వేడికి నశిస్తుంది గనుక, దించిన పిమ్మట అరచెక్క నిమ్మకాయ పిండుట మేలు. కొద్ది మాంసముతో కలిపి వండినా ఇనుము ఎక్కువగా పట్టుతుంది. మన పాలక్ గోష్త్ రుచికే గాక బుద్ధికి కూడ నిదర్శనము. ఆకులోని కెరోటిన్ ఒంటికి అందవలెనంటే కొంచెము నూనె కావలెను. తిరగవాత ఆ పని చేస్తుంది. అన్నిటికంటె ముఖ్యము, భోజనము కాగానే చాయ్ త్రాగే అలవాటు మానవలెను. తేయాకులోని పదార్థములు ఇనుమును అడ్డగిస్తాయి. ఒక గంట ఆగి త్రాగినచో చాయ్ రుచి తగ్గదు. తీవ్రమైన రక్తహీనత ఉన్నవారు కూరతో సరిపుచ్చుకొనక వైద్యుని కలిసి మాత్రలు వాడవలెను.

విద్యార్థులకు ఒక మాట. ఖట్టీ భాజీ వండుటకు అరగంట చాలును గాని, నాలుగు కట్టల ఆకును ఏరి, కడిగి, తరుగుటకు ముప్పావు గంట పడుతుంది. ఆ శ్రమకు జడిసియే అనేక గృహాలలో ఆకుకూర వారానికొకనాడు కూడ కనబడదు. క్రికెట్టు ఆట చూస్తూ కూర్చున్న చేతులు ఆకును కూడ ఏరగలవు. ఆ పని అక్కచెల్లెండ్లదని ఏ గ్రంథములోను వ్రాసి లేదు.

పాలకవర్గమునకు ఒక విన్నపము. మన వసతిగృహములో వారానికి రెండు దినాలైనా ఆకుకూర వడ్డించే ఏర్పాటు చేయవలసినది. ఖర్చు స్వల్పము. వార్షికోత్సవపు విందులో బిర్యానీ ప్రక్కన ఒక గిన్నె ఖట్టీ భాజీకి చోటు ఇచ్చినచో, ఆ కూర పేదరికపు గుర్తు అనే అపోహ కొంతైనా తొలగుతుంది. ఉర్దూ విభాగమువారు దానిని భాజీ అని, తెలుగు విభాగమువారు పుల్లగూర అని పిలుచుకొని ఒకే గిన్నెలో వడ్డించుకొందురు గాక.

చివరిగా గృహస్థులందరికీ నేను చెప్పదలచినది ఇంతే. ఇంట ఏమి వండినారన్నది ఎంత ముఖ్యమో, అది చివరి పళ్లెము వరకు చేరినదా లేదా అన్నది అంత ముఖ్యము. కూర దించగానే, ఇతరులు కూర్చొనకమునుపే, వండిన ఆమె వంతు ఒక గిన్నెలో తీసి ప్రక్కన పెట్టండి. మాంసమైతే రెండు ముక్కలు, భాజీ అయితే ఒక గరిటె. దీనికి పైకము అక్కరలేదు, చదువు అక్కరలేదు, ఎవరి అనుమతీ అక్కరలేదు.